కాలక్షేపపు ఆటలు: నాడు, నేడు

ఆటలు పిల్లలకు, పేకాట పనిలేని వారికి అని తీసిపారవేయడం మన పెద్దలకు అలవాటే. ఇక ఇప్పటి కుర్రవాళ్ళు ల్యాప్‌టాప్ ముందు కూర్చుని, ఎక్కడో దూరాన ఉన్న స్నేహితులతో చాట్ యాప్‌లో చదరంగమో, లూడోయో, బొమ్మ గీసి పేరు చెప్పించే ఆటో ఆడుతూ నవ్వుకుంటుంటే, ‘ఎంత కాలం వృథా!’ అనే మాట ప్రతి ఇంటా వినబడుతూనే ఉన్నది. కాని ఈ ఆట నిన్న మొన్న పుట్టినది కాదు. దీనికి పెద్ద చరిత్రే కలదు. ఆ చరిత్రలో మనం బ్రతుకుతున్న ఈ మైసూరు సీమకూ, మనం వదలి వచ్చిన తెలుగు నేలకూ, నాకు కూడు పెడుతున్న రైల్వేకూ కూడా పాలు ఉన్నది. నేను పండితుడను కాను, రైల్వే గుమాస్తాను. అయినా పండుగ సంచిక గనుక, తెలిసినంత మేరకు సభ్యుల ముందు పెడుతున్నాను.

మాలూరు తాలూకాలోని మాస్తి అనగానే అందరికీ మాస్తి వెంకటేశ అయ్యంగారు గుర్తుకు వస్తారు. ఆయన ఇంటి భాష తమిళం, రాసినది కన్నడం. 1983 సంవత్సరపు జ్ఞానపీఠ పురస్కారం ఆయనకు వచ్చినది. మాస్తికి తమిళ దేశపు సరిహద్దు దగ్గర, ఆంధ్ర సరిహద్దు కూడా మరీ దూరం కాదు. కోలారు జిల్లా పల్లెల్లో తెలుగు తరతరాలుగా ఇంటి భాష. ఇక్కడ వలస వచ్చినది తెలుగు కాదు, ఉద్యోగాల కోసమూ కూలి కోసమూ వచ్చిన మనం. మూడు భాషలు కలిసే ఇటువంటి చోట ఒక వింత కనబడుతుంది. మాటలు వేరైనా ఆటలు ఒక్కటే.

మనం అష్టాచెమ్మా అనే ఆటను ఇక్కడివారు చౌకాబార అంటారు. మనకు నాలుగు గవ్వలూ వెల్లకిల పడితే చమ్మ, అంటే నాలుగు. నాలుగూ బోర్ల పడితే అష్ట, అంటే ఎనిమిది. వారికి నాలుగు చౌకా, ఎనిమిది బారా. అయిదు గళ్ళ పొడవు, అయిదు గళ్ళ వెడల్పు గల పటం ఒక్కటే. నడుమ గడికి చేరిన కాయ ‘పండినది’ అని మనం అనుకునే సంతోషమూ ఒక్కటే. మన వామనగుంటలు కన్నడంలో అళిగుళి మణె, తమిళంలో పల్లాంగుళి. రెండు వరుసలు, వరుసకు ఏడు గుంటలు, చేతినిండా చింతపిక్కలు ఉంటే చాలు. మన పులి–మేక తమిళంలో ఆడు–పులి ఆట్టం. మూడు పులులు, పదిహేను మేకలు. పులి మేక మీదుగా దూకి చంపుతుంది, మేకలు గుంపుగా చేరి పులిని కదలకుండా కట్టడి చేస్తాయి. హంపి మండపాల బండల మీద ఇటువంటి ఆటల పటాలు చెక్కి ఉండడం చూసినవారు చూసే ఉంటారు.

ఈ ఆటలకు పెట్టుబడి ఏమిటి? ఒక సుద్దముక్క, నాలుగు గవ్వలు, గుప్పెడు గింజలు. ఊరు విడిచి వెళ్ళేవాడు పెట్టెలో పలకను మోసుకుపోనక్కరలేదు. నియమాలు తలలో ఉంటే, ఆగిన చోట నేల మీద గీత గీసుకోవచ్చును. కనుకనే ఇవి మనుషులతో పాటు సులభంగా ఊళ్ళు దాటినవి. అరుగు మీద ఆడేవారికి గెలుపు ఒక సాకు మాత్రమే. రెండు చేతులు గవ్వలు వేస్తుంటే నోళ్ళు కష్టసుఖాలు చెప్పుకుంటాయి. ముఖాముఖిగా కూర్చుని చెప్పడానికి బిడియపడే మాట కూడా ఆట నడుమ తనంతట బయట పడుతుంది.

ఆటలకు రాజుల ఆదరణ కూడా ఉండినది. కోలారు సీమ మైసూరు రాజ్యంలో ఉన్న కాలంలో మూడవ కృష్ణరాజ ఒడెయరు రాజుగా ఉన్నారు. 1799లో బాలుడుగా గద్దె ఎక్కినారు. 1831లో ఆంగ్లేయులు పరిపాలన తమ చేతిలోకి తీసుకున్నారు. ఆ తరువాత 1868లో మరణించేవరకు రాజ్యాధికారం లేని రాజుగానే ఆయన కాలం గడిచినది. ఆ కాలాన్ని ఆయన విద్యలకూ కళలకూ ఆటలకూ వెచ్చించినారు. ఆయన ఆధ్వర్యంలో తయారైన శ్రీతత్త్వనిధి అనే గొప్ప చిత్రగ్రంథంలో తొమ్మిది నిధులు ఉండగా, అందులో కౌతుకనిధి అనేది ఆటల గురించినదే. చదరంగం పలక మీద గుర్రం ప్రతి గడినీ ఒక్కొక్కసారి మాత్రమే తొక్కేటట్లు నడిపే లెక్కలు ఆయన కట్టినారు. గంజీఫా అనే గుండ్రని ఆకుల పేకలో ఏకంగా 360 ఆకుల కట్టను కూడా ఆయన కాలంలో రూపొందించినారు. ఇటువంటి గుండ్రని ఆకులు తెలంగాణాలోని నిర్మల్‌లోనూ తయారయ్యేవి. రాజ్యం పోయిన రాజుకే ఆట తోడైనది. ఇల్లు విడిచిన పేదకు కాకుండా పోతుందా?

ఇల్లు విడవడం అనేది ఈ జిల్లాలో పెద్ద ఎత్తున జరిగిన సంగతి. 1864లో జోలార్‌పేట నుండి బెంగుళూరుకు రైలుదారి పడినది. 1880లో జాన్ టెయిలర్ అండ్ సన్స్ వారు కోలారు బంగారు గనులలోకి దిగినారు. 1894లో బౌరింగుపేట, అనగా నేటి బంగారుపేట, నుండి గనులకు రైలు వేసినారు. చిత్తూరు, ఉత్తర ఆర్కాటు, సేలం వైపుల నుండి కుటుంబాలు కుటుంబాలే వచ్చినవి. దొరలకు క్లబ్బు, గోల్ఫు మైదానం ఉండేవి. కూలీలకు లైనింటి ముందు చారెడు నేల ఉండేది. ఊరిలోని అన్నదమ్ములకూ ఇక్కడివారికీ మధ్య మిగిలినది ఉత్తరం ఒక్కటే. ఉత్తరంలో క్షేమసమాచారం వెళ్ళగలదు, కాని గవ్వలు వెళ్ళలేవు. దూరం వచ్చిన తరువాత కలిసి ఆడడం ఎట్లా?

ఈ ప్రశ్నకు మొదటి జవాబు చదరంగం చెప్పినది. 1824లో లండన్, ఎడింబరో నగరాల చదరంగ సంఘాలు ఉత్తరాల మీద పందెం మొదలుపెట్టినవి. ఇరువైపులా ఒక్కొక్క పలక. ఒకరు వేసిన ఎత్తును కాగితం మీద రాసి పంపుతారు. అవతలివారు తమ పలక మీద ఆ కాయను జరిపి, ఆలోచించి, తమ ఎత్తు రాసి పంపుతారు. 1828లో ఎడింబరో గెలుపుతో అది ముగిసినది. మనం గర్వించదగిన సంగతి ఏమిటంటే, 1828–29లోనే మన హైదరాబాదుకూ మద్రాసుకూ మధ్య ఇదే విధంగా ఉత్తరాల చదరంగం జరిగినది. రైలూ తంతీ లేని రోజులలో, టపా మోసేవాడి కాళ్ళ మీద ఆధారపడి, రెండు నగరాలు ఒక ఆట ఆడుకున్నవి.

ఆ తరువాత తంతి వచ్చినది. అమెరికాలో రైలుదారి వెంట వేసిన మోర్సు తంతి 1844 మే నెలలో మొదలైతే, ఆ సంవత్సరం నవంబరులోనే వాషింగ్టన్, బాల్టిమోర్ నగరాలవారు దాని మీద చదరంగం ఆడినారు. 1845 ఏప్రిల్‌లో ఇంగ్లండులో స్టాంటన్ అనే ప్రసిద్ధ ఆటగాడు, కెనెడీ అనే కెప్టెను గోస్‌పోర్ట్ స్టేషనులో కూర్చుని లండన్‌లోని ఆటగాళ్ళతో తంతి మీద ఆడినారు. ఆ తంతి లండన్ అండ్ సౌత్ వెస్టర్న్ రైల్వే వారిది. మన మాలూరు, బంగారుపేట స్టేషన్లు ఉన్న మండలం కూడా, 2003 నుండి, సౌత్ వెస్టర్న్ రైల్వేయే! పేరు కలవడం కాకతాళీయమే అయినా రైల్వేవాడిగా నాకు ముచ్చట వేసినది. కొత్త తీగ వేసిన ప్రతిసారీ, దాని మీద వ్యాపారమూ సర్కారు వ్యవహారమూ నడుస్తుండగానే, ఎవరో ఒకరు ఒక ఆట కూడా నడిపినారు.

ఇక్కడ పాఠకులు ఒక ప్రశ్న వేయవచ్చును. ఉత్తరం మీదా తంతి మీదా చదరంగమే ఎందుకు సాగినది, పచ్చీసు ఎందుకు సాగలేదు, పేక ఎందుకు సాగలేదు? కారణం తేలికే. చదరంగంలో దాచేది ఏమీ లేదు. పలక మొత్తం ఇద్దరికీ తెలుసు, అదృష్టానికి చోటు లేదు. పచ్చీసులో గవ్వలు వేయాలి. మద్రాసులో కూర్చున్నవాడు ‘నాకు చమ్మ పడినది’ అని రాస్తే హైదరాబాదువాడు నమ్మడం ఎట్లా? పేకలోనైతే మరీ కష్టం. ఆకులు కలిపి పంచేవాడు ఒకడుండాలి, ఎవరి చేతిలోనివి వారికి మాత్రమే కనబడాలి. కనుక గవ్వల ఆటలూ పేకాటలూ దూరం దాటాలంటే, ఇరుపక్షాలకూ నమ్మకమైన మూడవవాడు కావలసి వచ్చినాడు. ఆ మూడవవాడే కంప్యూటరు.

1973లో అమెరికాలోని ఇల్లినాయ్ విశ్వవిద్యాలయపు ప్లేటో అనే కంప్యూటరు ఏర్పాటులో, పలువురు ఒకేసారి రాసుకుని మాట్లాడుకునే టాకోమాటిక్ అనే సాధనం వచ్చినది. అదే ఏర్పాటులో, అదే రోజుల్లో, పలువురు కలిసి ఆడే ఆటలూ వచ్చినవి. 1988లో ఫిన్లండు దేశస్థుడు యార్కో ఓయికారినెన్ ఐఆర్‌సీ అనే ముచ్చట్ల సాధనాన్ని తయారు చేసినాడు. మన దేశంలో సామాన్యులకు ఇంటర్నెట్ 1995 ఆగస్టు 15న విదేశ్ సంచార్ నిగమ్ ద్వారా అందినది. ఆ తరువాతి సంవత్సరాలలో నెట్ సెంటర్లలో గంటకింత అని చెల్లించి యాహూలో చదరంగమూ పూలూ ఆడినవారు మన సభ్యులలో చాలామంది ఉంటారు. యాహూ మెసెంజర్ 2018 జూలై 17న మూతపడినది. 2015 మే నెలలో డిస్కార్డ్ అనే చాట్ యాప్ వచ్చినది. ఆటగాళ్ళు ఆడుతూ మాట్లాడుకోవడానికే మొదట దానిని కల్పించినారు. ఇప్పుడు దానిలో మాట్లాడుకునే కిటికీలోనే చదరంగమూ పేకా బొమ్మలు గీసే ఆటలూ కూడా తెరుచుకుంటాయి. మాట కోసం ఆట, ఆట కోసం మాట. అరుగు మీద ఉన్న ఏర్పాటు ఇదే గదా!

మన పచ్చీసు కూడా ఈ దారిలో ఒక పెద్ద చుట్టు తిరిగి ఇంటికి వచ్చినది. అక్బరు ఫతేపూర్ సిక్రీలో ఆడించినాడని చెప్పే పచ్చీసును ఆంగ్లేయులు తమ దేశానికి తీసుకుపోయి, గవ్వలు తీసివేసి ఆరు ముఖాల పాచిక పెట్టి, 1896లో లూడో పేరుతో పేటెంటు పొందినారు. లూడో అట్టముక్క మీద మన దేశానికి తిరిగి వచ్చినది. 2016లో ముంబయి వారొకరు దానిని లూడో కింగ్ పేరుతో ఫోనులోకి ఎక్కించినారు. 2020 మార్చి 25న దేశమంతా లాక్‌డౌన్ వచ్చినప్పుడు తలుపులు మూసుకున్న ఇళ్ళలో, ఒకరి ఇంటికి ఒకరు పోలేని అన్నదమ్ములూ వియ్యంకులూ దానితోనే సాయంకాలాలు గడిపినారు.

ఆ సంవత్సరమే ప్రపంచ చదరంగ ఒలింపియాడు కూడా తెర మీద జరిగినది. మన జట్టులో కోనేరు హంపి, ద్రోణవల్లి హారిక, పెంటేల హరికృష్ణ ఉన్నారు. 2020 ఆగస్టు 30న రష్యాతో చివరి పోటీ జరుగుతుండగా ఇంటర్నెట్ తెగి మన ఆటగాళ్ళు ఇద్దరికి ఆట పోయినది. అప్పీలు మీద రెండు దేశాలకూ కలిపి స్వర్ణం ప్రకటించినారు. తీగ తెగితే ఆట ఆగుతుంది. హైదరాబాదు–మద్రాసు టపా రోజుల నాటి బెడద నేటికీ పూర్తిగా తీరలేదన్నమాట.

ఇంతవరకు మంచి చెప్పినాను. చెడు సంగతి కూడా చెప్పక తప్పదు. సప్తవ్యసనాలలో జూదం ఒకటని మన పెద్దలు లెక్కించినారు. ధర్మరాజు కథ తెలియని తెలుగువాడు లేడు. అయితే మన భాషే ఒక సూక్ష్మం దాచిపెట్టినది. పులి–మేకకు పులిజూదం అనే పేరు కూడా కలదు. పేరులో జూదం ఉన్నా దానిలో ఒడ్డేది ఏమీ లేదు. అరుగు మీద అవ్వ, మనుమరాలు పులిజూదం ఆడితే ఎవరూ తప్పు పట్టరు. వైకుంఠ ఏకాదశి జాగరణకు వైకుంఠపాళి పరచుకుని నిచ్చెనలు ఎక్కడం, పాము నోట పడడం పుణ్యకాలక్షేపం అనే అంటారు. హరికథకూ కాలక్షేపం అనే పేరే. అంటే మన పెద్దలు ఆటను నిషేధించలేదు, ఒడ్డును నిషేధించినారు.

ఫోనులోనికి డబ్బు పందెం వచ్చిన తరువాత ఎన్ని ఇళ్ళు అప్పుల పాలయినవో వార్తలలో చూస్తూనే ఉన్నాము. 2017లో తెలంగాణా, 2020లో ఆంధ్రప్రదేశ్ డబ్బుతో ఆడే ఆన్‌లైన్ ఆటలను నిషేధిస్తూ చట్టాలు సవరించినవి. కర్ణాటకలో 2021లో చేసిన సవరణను 2022 ఫిబ్రవరిలో హైకోర్టు కొట్టివేసినది. 2025 ఆగస్టులో పార్లమెంటే ఆన్‌లైన్ ఆటల చట్టాన్ని ఆమోదించినది. ఆగస్టు 22న రాష్ట్రపతి సమ్మతి లభించినది. ఆ చట్టం డబ్బు ఒడ్డే ఆటలను ఒక వైపు, కాలక్షేపానికీ స్నేహానికీ ఆడే ఆటలను మరొక వైపు పెట్టి, మొదటివాటిని నిషేధించి, రెండవవాటికి చోటు ఇచ్చినది. పులిజూదం విషయంలో మన అవ్వలు పాటించిన తేడాను చట్టం కూడా గుర్తించినదని నాకు తోచినది.

కనుక పిల్లవాడు ల్యాప్‌టాప్‌లో ఆడుతున్నాడని కోపగించే ముందు పెద్దలు రెండు ప్రశ్నలు అడగవలెను. ఎవరితో ఆడుతున్నాడు? ఏమి ఒడ్డుతున్నాడు? తెలిసిన స్నేహితులతో, ఏమీ ఒడ్డకుండా, చదువుకూ నిద్రకూ భంగం లేకుండా ఆడితే అది అరుగు మీది ఆటే. ముక్కూ ముఖం తెలియనివాడితో, డబ్బు పెట్టి, ఇంట్లో చెప్పకుండా ఆడితే అది ధర్మరాజు ఆట. రెంటినీ ఒక గాట కట్టి తిడితే, పిల్లవాడు రెండవదానిని కూడా దాచడం నేర్చుకుంటాడు.

నా సంగతే చెబుతాను. ఉద్యోగంలో ఒకేసారి చేరిన మేము నలుగురం బదిలీల మీద నాలుగు దిక్కులకు పోయినాము. మొదట్లో ఫోనులో మాట్లాడుకునేవారము. ‘బాగున్నావా? పిల్లలు బాగున్నారా? డ్యూటీ ఎట్లా ఉన్నది?’ అంతటితో మాటలు అయిపోయేవి. ఇప్పుడు ఆదివారం రాత్రి నలుగురం ఒక గంట ల్యాప్‌టాపులు తెరిచి ఆడుకుంటాము. ఒకడు బొమ్మ గీస్తాడు, మిగిలినవారు పేరు చెప్పాలి. మావాడు రైలు ఇంజను గీస్తే అది గేదె అనుకున్నవారు ఉన్నారు! ఆ నవ్వుల మధ్యనే ఒకనికి తల్లిగారి జబ్బు సంగతి, ఇంకొకనికి తమ్ముడి పెళ్ళి సంగతి బయటికి వచ్చినవి. వట్టి ఫోనులో అవి వచ్చేవి కావు. బంగారు గనులు 2001 ఫిబ్రవరి 28న మూతపడిన తరువాత రోజూ మారికుప్పం బండిలో బెంగుళూరుకు పనికి పోయేవారిలో, మోకాళ్ళ మీద తువాలు పరచుకుని పేక ఆడుకునే గుంపులను నేను ఎరుగుదును. వారిది అదే మర్మం. గంటల తరబడి ప్రయాణంలో ఆకులు వంక మాత్రమే, కావలసినది తోడు.

ఒక్క విషయం మాత్రం నాకు బెంగగా ఉన్నది. తెర మీద దొరికే ఆటలలో నియమాలను యంత్రమే గుర్తు పెట్టుకుంటుంది. తప్పు ఎత్తు వేస్తే కాయ కదలదు. గవ్వలు తానే వేస్తుంది, లెక్క తానే కడుతుంది. కనుక ఆడేవాడు నియమాలను తలలో మోయనక్కరలేదు. కాని మన ఆటలు బ్రతికినది తలలలోనే. వామనగుంటలలో ఎక్కడ ఆగాలి, ఎప్పుడు గుంట మనది అవుతుంది అనేది అవ్వల నోట ఉండినది. ఊరికీ ఊరికీ కొద్ది తేడా ఉండినది. ఆడేవారు లేకపోతే అవి రెండు తరాలలో పోతాయి. మన పిల్లలు ఇక్కడి బడులలో కన్నడమూ ఇంగ్లీషూ చదువుతున్నారు. తెలుగు వారికి వినికిడి భాషగా మిగులుతున్నది. ఊరిలోని అవ్వతో వీడియోలో మాట్లాడమంటే, ‘బాగున్నావా అవ్వా?’ అని, ఆ తరువాత ఏమి చెప్పాలో తోచక ఫోను తల్లికి ఇస్తున్నారు.

దీనికి ఉపాయం 1824 నాటి ఆటగాళ్ళే చూపినారు. రెండు పటాలు, ఒక ఆట. అవ్వ అక్కడ సుద్దతో అష్టాచెమ్మా గీసుకుంటుంది, మనుమడు ఇక్కడ గీసుకుంటాడు. ల్యాప్‌టాపును నేల వైపు వంచితే గవ్వలు పడడం ఇద్దరికీ కనబడుతుంది. మద్రాసువాడికీ హైదరాబాదువాడికీ లేని సదుపాయం ఇది. గవ్వలకు ఇక మూడవవాడు కూడా అక్కరలేదు. ఒకరి ఎత్తు మరొకరు తమ పటం మీద కూడా జరుపుకుంటే సరి. ‘చమ్మ పడినది, ఇంకొక పందెం వెయ్యి’, ‘నీ కాయను చంపినాను’, ‘నాది పండినది’ అనే మాటలు తెలుగులోనే వస్తాయి, వేరే భాషలో వాటికి ఆ రుచి లేదు. పటం పెట్టుకోవడం కష్టమనుకునేవారు చాట్‌లో పొడుపుకథలు వేసుకోవచ్చును, అంత్యాక్షరి ఆడుకోవచ్చును. పాఠం చెబుతామంటే పారిపోయే పిల్లవాడు ఆటకు పిలిస్తే నిలబడతాడు. అవ్వకూ మాట్లాడడానికి ఒక కారణం దొరుకుతుంది.

టపా వచ్చినప్పుడూ, తంతి వచ్చినప్పుడూ మనుషులు దానిని స్నేహానికి వంచుకున్నారు. ఈ కొత్త తీగను కూడా అట్లాగే వంచుకోవడం మన చేతిలో ఉన్నది. పండుగ పూట పచ్చడి తిని, పంచాంగం విన్న తరువాత, సభ్యులు తమ ఇళ్ళలో ఒక పటం గీసి, ఊరికి ఒక పిలుపు పంపవలెనని నా మనవి. అందరి కాయలూ పండు గాక! అందరికీ ఉగాది శుభాకాంక్షలు.